గంగాళంలో మట్టి

భరణి కార్తె, మొదటి రోజు

ఇవాళ్టి నుంచి కోటిలింగానికి అన్నం మోసే పని నాది. ఇన్నాళ్లూ మోసిన ఆదెమ్మ కాళ్లు వాచి మంచాన పడింది. తెప్పలపాలెంలో ఆమె తర్వాత ముక్కు పనిచెయ్యకుండా, మోసే ఓపిక ఉన్న మనిషిని నేనే. చిన్నప్పుడు వచ్చిన జ్వరం నా ప్రాణాన్ని వదిలిపెట్టి ముక్కును పట్టుకుపోయింది. కూర మాడినా, చేప కుళ్లినా కళ్లతో చూస్తేగాని తెలియదు. ఇన్నేళ్లు వెక్కిరింపులు తెచ్చిన లోపమే ఇవాళ ఉద్యోగమైంది.

మా ప్రెసిడెంటు అచ్యుతాంబ గారు క్యారేజీ చేతికిస్తూ, "తిన్నాడా లేదా, ఒంట్లో ఎలా ఉంది, రోజూ నాలుగు ముక్కలు రాసిపెట్టు నాంచారమ్మా," అన్నారు. "మాటలు మాత్రం పెట్టుకోకు. అతని నోరు తియ్యన."

క్యారేజీ పట్టుకుని ఆఖరి వరుస దాటాను. అక్కడితో ఇళ్లు అయిపోతాయి. ఆ తర్వాత నీళ్ల మీద సన్నటి వంతెన, దాని చివర గొలుసులతో కట్టిన ఒంటరి తెప్ప, తెప్ప మీద రేకుల ఇల్లు. గాలి అటు నుంచి వీచే రోజుల్లో ఆఖరి వరుస వాళ్లు కిటికీలు బిగించుకుని వండుకుంటారు. పసిపిల్లలు పాలు కక్కేస్తారు. నన్ను చూసి ఒకావిడ కొంగు ముక్కుకు అడ్డం పెట్టుకుని, "నీది గుండె కాదే తల్లీ, రాయి," అంది. నాకు మాత్రం ఒంటికి తగిలే గాలి తప్ప ఏమీ తెలియలేదు.

తెప్పల మీద తేలే, మనుషులకే చోటు చాలని ఊళ్లో జైలు ఎక్కడ కడతారు? అందుకని హత్య చేసినవాడి చంకలో డాక్టరు ఒక గింజ పెడతాడు. అది చెమటలో కలిసి కంపు పుట్టిస్తుంది. మామూలు కంపు కాదట. ఎంతటి మొండివాడైనా కడుపులోది కక్కుకుని వెనక్కి పరిగెత్తాల్సిందేనట. దాన్ని ముద్ర అంటారు. తీయబోతే మనిషి చచ్చిపోతాడు. ఇక తాళం అక్కర్లేదు, కాపలా అక్కర్లేదు.

అతను గుమ్మంలో కూర్చుని ఉన్నాడు. క్యారేజీ కింద పెట్టి, ఖాళీ అయ్యాక తీసుకుని వచ్చేశాను. తిన్నాడు. ఒంట్లో బాగానే ఉన్నట్టుంది.

భరణి కార్తె నడుమ

తిన్నాడు. కొంచెం దగ్గుతున్నాడు.

ఇవాళ మాట్లాడాడు. ఖాళీ క్యారేజీ సర్దుతుంటే, "నీకు నిజంగానే రావట్లేదా?" అని అడిగాడు.

"రావట్లేదు."

"ఏమీనా?"

"ఏమీ రావు కోటిలింగం గారూ. చిన్నప్పటి నుంచీ అంతే."

గారు అని ఎందుకన్నానో తెలియదు. అలవాటు. ఒకప్పుడు ఊరంతా అతన్ని అలాగే పిలిచేది. అతని కొట్లో సీసా కొనని ఇల్లు లేదు. తారు, ఎండుచేపలు, నాచు, మురిగిన నీళ్లు... ఈ వాసనల మధ్య బతికేవాళ్లకు సాయంత్రం పూట ఇంట్లో కాస్త సంపెంగో, మొగలిరేకో పరిమళించాలంటే అతనే దిక్కు. పువ్వులు లేకుండా మందులు కలిపి పువ్వుల్ని పుట్టించేవాడని చెప్పుకునేవారు. నా పెళ్లికి మా అమ్మ కొన్న అత్తరు కూడా ఆ కొట్టుదే. నాకు మాత్రం అదీ ఒకటే, నీళ్ల సీసా ఒకటే.

నా జవాబు విని అతను మోకాళ్ల మీద తలపెట్టుకుని ఏడ్చాడు. "నా దగ్గర మనిషి ఇంతసేపు నిలబడి ఎన్నాళ్లయిందో," అన్నాడు. ఆదెమ్మకూ ముక్కు లేదు గాని, అతను చంపిన సౌభాగ్యమ్మ ఆమెకు మేనత్త. అన్నం పెట్టి, ముఖం తిప్పుకుని వచ్చేసేది.

నేనూ అలాగే రావలసింది. మా ఆయన చేపల పడవ మీద వెళ్లి తిరిగి రాలేదు. ఇంటికి వెళ్లినా నాతో మాట్లాడేవాళ్లు లేరు. కాసేపు నిలబడ్డాను.

కృత్తిక కార్తె మొదలు

తిన్నాడు. దగ్గు తగ్గింది.

కొట్టులోని సీసాలన్నీ ఆయన దగ్గరే ఉన్నాయి. హంతకుడి చెయ్యి తగిలిన సరుకు ఎవరికీ వద్దని పంచాయతీ పెట్టెతో సహా ఇక్కడికి పంపేసింది. ఆ పెట్టె ఇవాళ నాకు తెరిచి చూపించాడు. ప్రతి సీసాకూ దారంతో కట్టిన చీటీ.

"ఇన్ని ఉన్నాయి కదా, మీకు కాలక్షేపమే," అన్నాను.

"వీటిలో ఒక్కటీ నాకు రాదు. ఆ గింజ ఊరికి చేసేది ఒకటైతే, నాకు చేసేది ఇంకొకటి. నా ముక్కు నిండా నేనే ఉన్నాను నాంచారమ్మా. సంపెంగ మూత తీసినా నేనే. అన్నం కలిపినా నేనే. కళ్లు మూసుకోవచ్చు, చెవులు మూసుకోవచ్చు. ఊపిరి ఎన్నాళ్లని మూసుకుంటాం?"

తర్వాత ఆయనే అడిగాడు, జ్వరం రాక ముందు వాసన ఏదైనా గుర్తుందా అని. గుర్తుంది. మా అమ్మ జడలో మరువం. అది ఎలా ఉంటుందో చెప్పలేను, కానీ ఉండేదని తెలుసు.

"జ్వరానికి పడుకున్న ముక్కు చచ్చినట్టు కాదు. రోజూ తట్టి లేపాలి. రోజూ కాసేపు ఇక్కడ కూర్చో. నేనిచ్చిన సీసా పీలుస్తూ మీ అమ్మ జడ తలుచుకో. పోయేదేముంది?"

పీల్చాను. ఏమీ రాలేదు. అయినా రేపు మళ్లీ పీలుస్తానని నాకు అప్పుడే తెలుసు.

కృత్తిక కార్తె చివర

ఇది ప్రెసిడెంటు గారికి చూపించే రాతల్లో పెట్టను.

నాలుగు రోజుల కిందట మొదట కర్పూరం వచ్చింది. ముక్కు లోపల చల్లటి సూది గుచ్చుకున్నట్టయింది. ఉలిక్కిపడి సీసా వదిలేశాను. ఆయన దాన్ని గాల్లోనే పట్టుకుని నా ముఖంలోకి చూశాడు. ఏం జరిగిందో నేను చెప్పనక్కర్లేకపోయింది. పిల్లాడిలా చప్పట్లు కొట్టాడు.

కర్పూరం తర్వాత లవంగం, నిమ్మ, ఇవాళ మరువం. మరువం వచ్చినప్పుడు మా అమ్మ వచ్చి పక్కన కూర్చున్నట్టయింది. ఏడుపు ఆపుకోలేకపోయాను. ఆయన అవతలి గోడ దగ్గర తల వంచుకుని కూర్చున్నాడు. "ఇంక చాలు, ఇంటికెళ్లు," అన్నాడు.

దారంతా పీలుస్తూ వచ్చాను. ఎండకు కరిగిన తారు. పక్కింటివాళ్ల చేపల పులుసు. నీళ్ల తొట్లలో పెరిగే వరిపైరు. ఊరు ఇన్నాళ్లూ నాకు ఇంత దాచిందా అని కోపం వచ్చింది. ఇంటికి రాగానే మా ఆయన కప్పుకునే దుప్పటి పెట్టెలోంచి తీసి ముఖానికి అదుముకున్నాను. బూజు, పాత నూనె. ఇంకేమీ లేదు. ఆలస్యమైపోయింది.

అచ్యుతాంబ గారికి చెప్పలేదు. చెబితే ఈ పని తీసేస్తారు, ఆ పెట్టె ముఖం మళ్లీ చూడలేను. రోజంతా ఆ గంట కోసమే బతుకుతున్నాను. వండుకోవడం కూడా మరిచిపోతున్నాను.

రోహిణి కార్తె మొదలు

తిన్నాడు.

రోహిణిలో రోళ్లు పగులుతాయని పెద్దవాళ్ల మాట. మధ్యాహ్నం వీధిలో మనిషి కనబడడు. వంతెన మీద నడుస్తుంటే నోట్లో కొత్తగా ఏదో చేదు తగిలింది. సీసాల దగ్గర కూర్చుంటే ఎక్కువైంది. నాకు తెలియకుండానే కొంచెం వెనక్కి జరిగాను.

ఆయన చూశాడు. "వచ్చేశానా?" అన్నాడు.

"లేదు," అన్నాను.

"రోజూ కొంచెం కొంచెం వస్తాను. నాకు ముందే తెలుసు." కర్పూరంలో తడిపిన గుడ్డ ఇచ్చాడు. "ఇది కట్టుకుని రా. నీ ముక్కు పూర్తిగా తెరుచుకునేలోపల నాకో పని చేసిపెట్టాలి."

ఆయన నా ముక్కును ఎందుకు లేపాడో ఇవాళ తెలిసింది. లోకంలో ఉన్న వాసనలన్నీ చేశాడట, ఒక్కటి తప్ప. ఎండకు మాడిన నేల మీద తొలకరి పడితే లేచే వాసన. అది చిన్నప్పుడు ఒకే ఒక్కసారి పీల్చాడట. వాళ్ల నాన్న భుజాల మీద ఉన్నాడట అప్పుడు. ఆ మరుసటేడు ఆ నేల మునిగిపోయింది. మా ఊళ్లో వాన తెప్ప మీద పడుతుంది, రేకు మీద పడుతుంది, నీళ్లలో పడుతుంది. వరి కూడా నీళ్ల తొట్లలోనే పండుతుంది. మట్టి అన్నది మా పిల్లలు కంటితో చూడలేదు.

"ఏళ్ల తరబడి కలిపి చూశాను. దగ్గరకు వస్తుంది, జారిపోతుంది. పక్కన అసలుది ఉంటే, ఎంత దూరంలో ఉన్నానో తెలిసేది. ఇప్పుడు నాకు ముక్కు లేదు. నీకుంది."

"మట్టి మాత్రం ఎక్కడిది?" అన్నాను. అని, ఆలోచించకుండా, "పేరయ్య తాత గంగాళంలో తప్ప," అన్నాను.

రోహిణి కార్తె, ఆ మర్నాడు

పేరయ్య తాత మా వెనక వరుసలో ఉంటాడు. మునిగిపోయిన పొలంలోంచి వాళ్లమ్మ ఒక ఇత్తడి గంగాళం నిండా మట్టి తెచ్చుకుంది. తాత దాని మీద గుడ్డ కప్పి, మంచం పక్కన పెట్టుకుంటాడు. పొద్దుటిపూట అందులో చెయ్యి పెట్టి కదుపుతూ కూర్చుంటాడు.

వెళ్లి, మొహమాటపడుతూ, చిటికెడు మట్టి కావాలన్నాను.

"ఇంత మట్టికి అంత నసుగుడేంటే అమ్మాయ్!" అన్నాడు తాత. "చెయ్యి పట్టు." చిటికెడు అడిగితే గుప్పెడు పోశాడు. నేను గబుక్కున ముక్కు దగ్గర పెట్టుకోవడం చూసి నవ్వాడు. "పొడి మట్టి ఏం వాసనేస్తుందే? తడపాలి. నా ముక్కు ముసలిదైపోయింది, తడిపినా నాకు రాదు. అందుకే చేత్తో చూసుకుంటన్నా. నీకేమైనా వస్తే వచ్చి చెప్పు, సంతోషిస్తా."

ఎందుకని అడగలేదు. ఎవరికని అడగలేదు.

కోటిలింగం ఆ మట్టిని పళ్లెంలో పరిచి ఎండలో పెట్టాడు. వేడెక్కాక వేళ్లు ముంచి నాలుగు చుక్కలు చిలకరించాడు. "ఊఁ," అన్నాడు.

నేను గుడ్డ తీసి వంగాను. మొదట ఆయనే వచ్చాడు. డోకు వచ్చింది, మింగుకున్నాను. దాని అడుగు నుంచి ఇంకొకటి వచ్చింది. ఎవరో చాలా కాలం తర్వాత తలుపు తీసి, వచ్చావా అన్నట్టుగా ఉంది. నేనెప్పుడూ నేల మీద నడవలేదు. అయినా నా ఒంటికి అది తెలుసు.

"చెప్పు," అన్నాడు. "ఎలా ఉంది? కుండలా ఉందా? గడ్డిలా ఉందా? తియ్యగానా, వగరుగానా? చెప్పవే!"

చెప్పగలిగినంత చెప్పాను. ఆయన సీసాలు ఒక్కొక్కటీ తీసి నా ముక్కు కింద పెట్టి, దగ్గరగా ఉందా దూరంగా ఉందా అని అడుగుతూ పోయాడు. మట్టి చల్లారిపోయింది. మళ్లీ ఎండబెట్టి తడిపాడు. మూడోసారికి అందులో వాసన చచ్చిపోయింది.

"ఇది చాలదు. గంగాళం అన్నావు కదా. పెద్దదేనా?"

ఆ అడగడం నాకు నచ్చలేదు. నోటిదాకా వచ్చిన మాట ఆపుకుని, ఇన్నాళ్లూ అడగనిది అడిగాను.

"సౌభాగ్యమ్మ కాగులో మట్టి కోసమే కదా మీరు ఆమెను చంపారు. ముందు ఆమెను అడిగారా?"

"లేదు."

"పేరయ్య తాత అడగ్గానే ఇచ్చాడు. ఆమె కూడా ఇచ్చేదేమో."

"ఇచ్చేది. మంచి మనిషి," అన్నాడు కోటిలింగం. పళ్లెంలోని మట్టిని వేలితో గీస్తున్నాడు. "గుప్పెడు ఇచ్చేది. గుప్పెడు నా దగ్గరుండి, మిగతాదంతా ఆమె దగ్గరుందని తెలుస్తూ నేనెలా నిద్రపోను? చివరకు పెనుగులాటలో కాగు పగిలింది. చెక్కల సందుల్లోంచి మొత్తం నీళ్లపాలైంది. ఇన్నాళ్లూ నాకు బాధ దాని గురించే."

దాని గురించే అన్నాడు. నా క్యారేజీ కూడా తీసుకోకుండా వచ్చేశాను.

రోహిణి కార్తె నడుమ

అచ్యుతాంబ గారికి అన్నీ చెప్పాను. ముక్కు వచ్చిందని, సీసాల సంగతి, పేరయ్య తాత మట్టి గురించి వాడు అడిగిన సంగతి.

ఆమె నా మీద అరవలేదు. "ఇప్పుడు ఇంకొకరిని ఎక్కణ్ణుంచి తేను?" అన్నారు. "కొన్నాళ్లు ఓర్చుకో. వంతెన మధ్యలో పెట్టి రా. అతనే వచ్చి తీసుకుంటాడు."

"వాడు ఊళ్లోకి వస్తేనో అమ్మా?"

"వంతెన దిగకముందే ఊరంతటికీ తెలిసిపోతుంది నాంచారమ్మా. ముద్ర ఉన్నది అందుకే కదా. పసిపిల్లను లేపి అడిగినా చెబుతుంది."

అది నిజమేననిపించింది. అయినా పేరయ్య తాత దగ్గరికి వెళ్లి తలుపుకు గడియ పెట్టుకోమన్నాను.

"ఈ ఎండకు గడియ పెట్టుకుంటే ఉడికి చస్తానే," అన్నాడు తాత. "వాడొస్తే ఊరు ఊరంతా లేవదూ? వాసన వచ్చిందా, చెప్పలేదేం?"

వచ్చిందని చెప్పాను. ఎలా ఉందంటే ఏం చెప్పను? ఎవరో తలుపు తీసినట్టుందన్నాను. తాత కళ్లు తుడుచుకున్నాడు. గంగాళంలోంచి ఇంకాస్త తీసి దోసిట్లో పెట్టుకుని, చెంబుతో నీళ్లు చిలకరించి నా ముఖం ముందు పెట్టాడు. ఊరికే. నేను పీలుస్తుంటే చూడటానికి. ఆ ముఖంలో ఉన్న ఆనందం ఆ ముక్కు లేనివాడిదేనా అనిపించింది.

నేను మర్నాడు కూడా వెళ్లాను. ఆ మర్నాడూ వెళ్లాను. తాత విసుక్కోలేదు.

వంతెన మధ్యలో క్యారేజీ పెట్టేటప్పుడు ఇప్పుడు కర్పూరం గుడ్డ కూడా ఆగట్లేదు. అవతలి చివర నుంచి, "ఇంకొక్క పళ్లెం, నాంచారమ్మా! ఒక్క పళ్లెం!" అని అరుస్తున్నాడు. తిరిగి చూడకుండా వస్తున్నాను.

రోహిణి కార్తె, ఆఖరి రోజు

జరిగింది జరిగినట్టు రాస్తాను.

మధ్యాహ్నం. అన్నం తిని నడుం వాల్చాను. గాలి లేదు. వీధిలో అలికిడి లేదు. ఉన్నట్టుండి కడుపు తిప్పింది. లేచి కూర్చునేలోపే ఇల్లంతా నిండిపోయింది. వంతెన వైపు నుంచి కాదు. వీధిలోంచి.

ధడేలున ఒక తలుపు పడింది. దాని వెనకే ఇంకొకటి. మా వరుస ఆ చివర నుంచి ఒక్కొక్క తలుపూ, ఒక్కొక్క కిటికీ మూసుకుంటూ వస్తున్న చప్పుడు. పిల్లల ఏడుపులు, పెద్దవాళ్ల కేకలు, అవి కూడా గుడ్డల కింద అణిగిపోయాయి. నేనూ లేచి తలుపు మూశాను. గడియ పెట్టాను. బకెట్టు మీద పడి, తిన్నదంతా కక్కాను.

చెక్కల మీద అడుగుల చప్పుడు వినిపించింది. తొందర లేదు. ఒక్కొక్క అడుగూ తాపీగా పడుతోంది. మా ఇంటి ముందు నుంచి వెళ్లింది. వీధి మలుపు దగ్గర వెనక వరుస వైపు తిరిగింది.

ఎక్కడికి పోతున్నాడో ఊళ్లో నాకు తెలిసినంతగా ఎవరికీ తెలియదు. తలుపు దగ్గరికి పాకి గడియ మీద చెయ్యి వేశాను. తీస్తే కంపు ముఖాన కొడుతుంది. అంతకంటే ఏమీ కాదు. ఆ మాట నాకు నేను చెప్పుకున్నాను. మళ్లీ డోకు. చెయ్యి గడియ మీదే ఉంది. నాకు ముక్కు లేని రోజులైతే ఎదురెళ్లి, "ఎక్కడికండీ, పదండి వెనక్కి," అని చెయ్యి పట్టుకుని తీసుకుపోయేదాన్ని. వచ్చేవాడేమో కూడా. గడియ తీయలేకపోయాను.

ఊరు ఊరంతా లేచింది. లేచి తలుపులు వేసుకుంది. ఆ ముసలాయన ఒక్కడే తలుపు తెరుచుకుని పడుకున్నాడు. ఆయనకు వాసన రాదు.

ఎంతసేపటికో, ఆ కంపు వెనక వరుసలోనే నిలిచిపోయిందని అర్థమయ్యాక, నోటికి ముక్కుకు గుడ్డలు చుట్టుకుని జనం బయటికి వచ్చారు. గడకర్రలు పట్టుకుని పేరయ్య తాత ఇంటి దాకా వెళ్లిన మగవాళ్లు గుమ్మంలోనే కుప్పకూలి కక్కుకుంటున్నారు. ఒకరూ లోపల అడుగు పెట్టలేకపోయారు. అచ్యుతాంబ గారు అరుగు కిందే కూర్చుండిపోయారు. నా వైపు చూశారు. అడగలేదు.

"నేను వెళ్తాను," అన్నాను.

గుడ్డ కట్టుకోలేదు. ఎందుకో కట్టుకోబుద్ధి కాలేదు. కక్కడానికి కడుపులో ఏమీ మిగల్లేదు గనక నడవగలిగాను. కళ్ల వెంట నీళ్లు కారుతుంటే గోడ పట్టుకుని లోపలికి వెళ్లాను.

తాత మంచం మీద ఉన్నాడు. ముఖం మీద దిండు. చెయ్యి మంచం పట్టె మీదుగా వేలాడుతోంది. ముందు ఆ దిండు తీశాను. కళ్లు మూశాను. చెయ్యి ఎత్తి గుండెల మీద పెట్టాను. ఇంకా వెచ్చగా ఉంది.

కోటిలింగం గంగాళం ముందు బాసింపట్టు వేసుకుని కూర్చున్నాడు. పెరటి తలుపు తీసి, పడమటి ఎండ మట్టి మీద పడేలా గంగాళాన్ని జరుపుకున్నాడు. పక్కన తాత నీళ్ల చెంబు. మోచేతుల దాకా మట్టి. నన్ను చూసి ముఖం విప్పారింది. తిట్టడానికి వచ్చానని గాని, పట్టుకోవడానికి వచ్చానని గాని అనుకోలేదు.

"సమయానికి వచ్చావు. బాగా వేడెక్కింది. ఇదిగో, చూడు."

చెంబెత్తి చిలకరించాడు. మట్టి నల్లబడింది. సన్నటి ఆవిరి లేచింది.

"దగ్గరికి రా. వంగు. చెప్పు నాంచారమ్మా."

వంగాను. ఆ కంపు నా తలలో మేకులా దిగుతోంది. ఊపిరి బిగబట్టి, వదిలి, పీల్చాను. వచ్చింది. అంత కంపు కింది నుంచి వచ్చింది. పళ్లెంలో వచ్చినట్టు పలుచగా కాదు, ఒక నేలంతా వచ్చింది. తాత దోసిట్లో వచ్చిందే. ఇన్ని రోజులూ నేను ఆకలి మరిచిపోయి వెంటపడ్డదే. మంచం మీద చనిపోయిన మనిషి ఉండగా, నా గుండె సంతోషంతో కొట్టుకుంది. అది కూడా రాయాలి.

తలెత్తి వాడి కళ్లలోకి చూశాను.

"ఏమీ లేదు," అన్నాను.

"సరిగ్గా పీల్చలేదు. నేనున్నాను కదా, నన్ను దాటి పీల్చాలి."

"దాటే పీల్చాను. ఏమీ లేదు. ఉప్పు పట్టిపోయింది. ఎన్నేళ్ల మట్టి ఇది? చచ్చిన మట్టి."

"ఆ రోజు వచ్చిందన్నావు!"

"ఆ రోజు మిమ్మల్ని సంతోషపెట్టడానికి అన్నాను. అప్పటికి నా ముక్కుకు మీ సీసాల్లో వాసనలు తప్ప ఏమీ తెలియదు."

వాడు నన్నే చూశాడు. చెంబు మళ్లీ ఎత్తాడు, చిలకరించాడు, మళ్లీ అడిగాడు. మళ్లీ లేదన్నాను. అప్పుడు గుప్పెడు మట్టి తీసి ముక్కు రంధ్రాల్లోకి కుక్కుకున్నాడు. ఇంకో గుప్పెడు నోట్లో పెట్టుకుని నమిలాడు. నమలడం నెమ్మదిగా ఆగిపోయింది. పెదవుల మీద నుంచి బురద కారుతుంటే తల గంగాళం అంచుకు ఆన్చి ఉండిపోయాడు.

"లెండి," అన్నాను. లేచాడు. నా వెనకే నడిచి బయటికి వచ్చాడు. జనం వీధి రెండు చివర్లకూ పరిగెత్తారు.

మృగశిర కార్తె మొదలు

పేరయ్య తాతను సముద్రంలో దించాం. గంగాళంలో మట్టి ఉంచుకుందామని, పిల్లలకు చూపించవచ్చని కొందరన్నారు. నేను వినలేదు. మొత్తం తాత ఒంటి మీదే పోసి దించాను. అది ఆయన పొలం.

మా వీధిలో ఇప్పుడు ఒకరి ముఖం ఒకరు చూసుకోవట్లేదు. నువ్వు తలుపు వేసుకున్నావా అని ఎవరూ ఎవరినీ అడగలేదు. వాణ్ణి బయటికి తెచ్చావని నన్ను మెచ్చుకున్నారు. ఆ మెచ్చుకోళ్లకు తల వంచుకుని ఊరుకున్నాను.

కోటిలింగం తెప్పకు వంతెన తీసేశారు. గొలుసులు పొడిగించి ఊరికి దూరంగా, లోతు నీళ్లలోకి నెట్టారు. పొద్దుట ఒక పడవ వెళ్లి గడకర్ర చివర క్యారేజీ కట్టి అందించి రావాలి. ఎవరు వెళ్తారని అచ్యుతాంబ గారు పంచాయతీలో అడిగారు. నేను వెళ్తానన్నాను.

"నీకెందుకమ్మా ఈ బాధ?" అన్నారు ఆమె. "నీకు ఇప్పుడు అందరికంటే ఎక్కువ వాసన వస్తుంది కదా."

"అలవాటు పడతాను," అన్నాను. అలవాటు పడలేదు. పడవలో రోజూ కక్కుతున్నాను.

వాడు సీసాలన్నీ నీళ్లలో పారేశాడు. అన్నం కొంచెమే తింటున్నాడు. దగ్గు మళ్లీ మొదలైంది. నేను గడకర్ర చాచగానే తెప్ప అంచు దాకా పాకి వస్తాడు. అన్నం అందుకోడు ముందు.

"నాంచారమ్మా, నిజం చెప్పు. నిజంగా రాలేదా?"

"రాలేదు."

అప్పుడు క్యారేజీ తీసుకుంటాడు. నేను పడవ తిప్పుకుంటాను. రేపు మళ్లీ అడుగుతాడు. రేపు కూడా అదే చెబుతాను.